పెట్టె విప్పిన చేయి

జర్మనీలోని వుప్పెర్‌టాల్ పట్టణమున రోల్ఫ్ యేర్లింగ్ అను వాస్తుశిల్పి తన నివాసగృహమునే చిత్రశాలగా చేసి, దానికి పార్నాస్ అని పేరిడి, ఇతర చిత్రశాలలవారు దరిచేరనీయని నవ్యకళాకారులకు అందు ఆశ్రయమిచ్చుచుండెను. 1963వ సంవత్సరము మార్చి 11వ తేదీ మొదలు పది దినములపాటు ఆ యింట జరిగిన ఒక ప్రదర్శనమునకు ప్రతిదినము రాత్రి ఏడున్నరకు తలుపులు తెరచి తొమ్మిదిన్నరకు మూయుచుండిరి. చిత్రప్రదర్శనములు పగటివెలుగున జరుగుట లోకాచారమై యుండగా ఇది మాత్రము రాత్రివేళను వరించుటకు బలమైన హేతువు కలదు. ఆనాటి పశ్చిమ జర్మనీలో టెలివిజను ప్రసారములు ముఖ్యముగా సాయంకాలము దాటిన పిదపనే జరుగుచుండెను. దేశమంతటికిని వ్యాపించిన ప్రసారమార్గము ఒక్కటియే. రెండవది ఆ మరుసటి నెల 1వ తేదీన గాని పుట్టలేదు. ఆ యింటిలో నేలమీదను గోడలవారను ఉంచిన పండ్రెండు పదమూడు పాత టెలివిజను పెట్టెలు ఆ ప్రసారము మీదనే ఆధారపడియుండుటచే, అది వచ్చువేళకే ప్రేక్షకులును రావలసివచ్చెను.

ద్వారమున అప్పుడే కోసిన ఎద్దుతల యొకటి వ్రేలాడుచుండెను. లోపల ముండ్లతీగెలు, బొమ్మలు మొదలగునవి తగిలించిన పియానోలు నాలుగుండగా, వానిలో నొకదానిని జోసెఫ్ బాయిస్ అను శిల్పి గొడ్డలితో పగులగొట్టెను. చూపరుల కన్ను మొదట పడునవి ఇట్టివే యగుట సహజము. కాని చరిత్ర నిలుపుకొన్నది వీనిని కాదు, నేలమీద నున్న ఆ టెలివిజను పెట్టెలను. ఒకదానియెదుట ప్రేక్షకుడు మైక్రోఫోనులో మాటలాడగా తెరమీద వెలుగుచుక్కలు విరజిమ్ముచుండెను. మరియొకదానికి రేడియో నొకదానిని జతచేయగా, ధ్వని హెచ్చినకొలది తెరనడుమనున్న బిందువు పెరుగుచుండెను. ప్రసారములో వచ్చుచున్న మనుష్యుల ముఖములు ఇంకొక పెట్టెలో సాగియు మెలితిరిగియు గుర్తుపట్టరాకుండెను. వీనిని కూర్చినవాడు ముప్పదియేండ్ల కొరియా యువకుడు, వృత్తిచేత సంగీతకర్త, పేరు నామ్ జూన్ పైక్.

ఆయన చేసినదేమో తెలియుటకు ఆ పెట్టె లోపలి వ్యాపారము కొంత తెలియవలెను. 1897వ సంవత్సరమున కార్ల్ ఫెర్డినాండ్ బ్రౌన్ అను జర్మను భౌతికశాస్త్రవేత్త నిర్మించిన గాజునాళమే పిక్చరు ట్యూబునకు మూలరూపము. గాలి తీసివేసిన ఆ గాజుబుడ్డి మెడయందు వేడెక్కిన లోహమునుండి ఎలక్ట్రానులు ధారగా వెలువడి, ముందువైపు అద్దమునకు లోపల పూసిన ఫాస్ఫరు పూతను తాకి, తాకినచోట వెలుగును పుట్టించును. మెడచుట్టునున్న తీగెచుట్టల అయస్కాంతశక్తి ఆ ధారను ఎడమనుండి కుడికిని, పైనుండి క్రిందికిని ఎడతెగక పరుగెత్తించుటచేత, ఒక్కొక్క గీతగా గీయబడిన వెలుగు మన కంటికి నిండుచిత్రమై తోచును. ధారను క్రిందికి నడిపించు భాగము చెడినచో చిత్రమంతయు ఒక్క అడ్డగీతగా కుదించుకొనిపోవును. వుప్పెర్‌టాలునకు తెచ్చునపుడు ఒక పెట్టెకు సరిగా ఇట్టి ఆపదయే కలిగెను. మరియొకడైనచో దానిని పారవేసియుండును. పైక్ దానిని ప్రక్కకు త్రిప్పి నిలబెట్టెను. అడ్డగీత నిలువుగీత యయ్యెను. చీకటి తెర నడుమ నిలిచిన ఆ సన్నని వెలుగురేఖకు ఆయన ధ్యానసంప్రదాయమునకు సంబంధించిన జెన్ నామమును తగిలించెను. ఈనాటికిని అది ఆయన కృతులలో మేటివానిలో నొకటిగా పరిగణింపబడుచున్నది.

ప్రసారసంస్థలు పంపుటయు గృహస్థులు చూచుటయు తప్ప మూడవ కార్యమునకు తావులేని ఆ యంత్రమును, దాని వీపునుండి విప్పి, తీగెలు మార్చి, ధారను వంచి, చూచువాని గొంతుకును వ్రేలికిని లోబరచుట ఆ దినములలో సామాన్యమైన సాహసము కాదు. ఇంచుమించు అదే కాలమున వోల్ఫ్ ఫోస్టెల్ అను జర్మను కళాకారుడును టెలివిజను పెట్టెలను తన కళకు వినియోగించుచుండెను గనుక ప్రాథమ్యమును గూర్చిన వాదము ఉండనే యున్నది. దానిని తేల్చుటవలన పెద్ద లాభము నాకు కానరాదు. ఫోస్టెల్ దృష్టి టెలివిజను అను సామాజికశక్తిపై దాడి చేయుటయందుండగా, పైక్ దృష్టి ఎలక్ట్రాను ధారయందే నిలిచెను. దానికొరకై ఆయన కొలోను పట్టణమునకు వెలుపల గది యొకటి అద్దెకు తీసికొని, పాతపెట్టెలు కొని తెచ్చి, ఎలక్ట్రానిక్ శాస్త్రగ్రంథములు ముందుంచుకొని, ఎవరికిని తెలియనీయక సాధన చేసెను.

ఈ సాధన సంగీతమునుండి వచ్చినదను సంగతి మరువరాదు. పైక్ 1932వ సంవత్సరము జూలై 20వ తేదీన, జపాను పాలనలోనున్న సియోల్ నగరమున సంపన్నమైన వస్త్రవ్యాపారి యింట జన్మించెను; బాల్యముననే పియానో అభ్యసించెను. 1950లో కొరియాయుద్ధము చెలరేగగా పదునెనిమిదేండ్ల ప్రాయమున కుటుంబముతో దేశము విడిచెను. జపానునకు చేరి, 1956లో టోక్యో విశ్వవిద్యాలయమున షోయెన్‌బర్గు సంగీతమును గూర్చి వ్యాసము సమర్పించి పట్టము పొంది, ఆ యేడే జర్మనీకి పయనమయ్యెను. 1958లో డార్మ్‌స్టాట్ సంగీతశిబిరమున అమెరికను సంగీతకర్త జాన్ కేజ్ ఆయనకు తటస్థపడెను. పియానో తీగెలనడుమ మరలను రబ్బరుముక్కలను దూర్చి క్రొత్త నాదములు పలికించిన కేజ్ సాంగత్యము యువకుని జీవితమును మలుపు త్రిప్పినది. గురువునందలి భక్తిని ఆయన ప్రకటించిన తీరును విచిత్రమే. 1960లో కొలోనులో ఒక కచ్చేరీ నడుమ వేదిక దిగివచ్చి, ప్రేక్షకులలో కూర్చున్న కేజ్ మెడలోని టైను కత్తెరతో కత్తిరించెను. పియానోను కేజ్ విప్పినట్లు టెలివిజనును తాను విప్పవలెనని పైక్‌కు తోచుట ఆ శిష్యరికము ఫలమే యని నేను నమ్ముదును.

వుప్పెర్‌టాల్ ప్రదర్శనము ముగిసిన పిదప ఆయన జపానునకు మరలి, షుయా అబే అను ఇంజనీరుతో చెలిమిచేసి, 1964లో ఒక యంత్రమానవుని నిర్మించెను. మొజార్టు రచించిన ఒక పియానో కన్సర్టో యొక్క పట్టికసంఖ్యను బట్టి దానికి కె-456 అని పేరు. తీగెలును లోహపుకడ్డీలును బయటికే కనిపించు ఆ బొమ్మ నడచును, చేతులూపును, అధ్యక్షుడు కెన్నెడీ పదవీస్వీకారోపన్యాసమును వినిపించును, వెనుకనుండి గింజలు రాల్చును. మనుష్యదేహమున దాచుకొనదగినదని లోకము తలచుదానిని గూడ యంత్రమునకు ఇచ్చిన ఈ యువకుని హాస్యమున నిష్ఠురత్వము లేదు. యంత్రమును భయపెట్టు దేవతగా గాక మనతోడి బలహీనప్రాణిగా చూచిన కారుణ్యమున్నది. పదునెనిమిదేండ్ల పిదప, 1982లో, న్యూయార్కునందలి విట్నీ సంగ్రహాలయము ఆయన జీవితకృషిని ప్రదర్శించినపుడు, ఆ యంత్రమానవుని వీథిలో నడిపించి, మాడిసన్ అవెన్యూ మూలమలుపున ఒక మోటారుకారుచే గ్రుద్దించిరి. ఇరువదియొకటవ శతాబ్దపు మొదటి ప్రమాదమని దానిని ఆయన వర్ణించెను. యంత్రమునకును ముసలితనము, గాయము, మరణము కలవను భావము పైక్‌లో ఎంత ముందుగా పాదుకొన్నదో దీనివలన తెలియును.

1964లో న్యూయార్కు చేరినది మొదలు ఆయన కృషి వేగమందుకొన్నది. మరుసటియేట పదునేడంగుళముల నలుపుతెలుపు పెట్టెమీద గుఱ్ఱపునాడా ఆకారపు పెద్ద అయస్కాంతమునుంచి, ప్రసారచిత్రమును మెలికలు తిరుగు వెలుగుతీగెలుగా మార్చెను. అయస్కాంతమును జరిపినకొలది ప్రేక్షకుడు తానే ఒక క్రొత్తచిత్రమును చూడగలిగెను. అదే యేడు, చంద్రుడే అన్నిటికన్న పురాతనమైన టెలివిజను అను అర్థము గల నామముతో, వరుసగా నిలిపిన పెట్టెలలో శుక్లపక్షపు తొలిరేఖ మొదలు పూర్ణబింబమువరకు చంద్రకళలను నిలిపెను. మానవజాతి ఏకకాలమున తలలెత్తి చూచిన మొట్టమొదటి తెర చంద్రుడేయను ఈ ఊహలో శాస్త్రమును కవిత్వమును వేరుచేయుట కష్టము. ఆయనను గూర్చి మిక్కిలి ప్రచారముననున్న కథయును ఈ యేటిదే. 1965 అక్టోబరు 4వ తేదీన పోపు ఆరవ పౌలు న్యూయార్కు వీథులలో ఊరేగుచుండగా, పైక్ అప్పుడే కొన్న సోనీ వీడియోయంత్రముతో చిత్రించి, ఆ రాత్రియే కఫే ఓ గో గో అను చోట మిత్రులకు చూపెననియు, వీడియోకళకు అదియే పుట్టినదినమనియు చెప్పుదురు. భుజమున తగిలించుకొని తిరుగదగిన సోనీ పోర్టాపాక్ 1967లో గాని అంగడికి రాలేదు గనుక ఈ కథను చరిత్రకారులు కొందరు శంకించుచున్నారు. ఆ రాత్రి ఆయన వీడియోను ప్రదర్శించిన మాట నిజము. వీథిలోనే తీసెనా, మరియొక విధమున తీసెనా యను తగవు తేలకున్నను నష్టము లేదు.

పైక్ ఒంటరిగా పనిచేసినవాడు కాడు. చెల్లోవాదకురాలు షార్లెట్ మూర్‌మన్ ఆయన రచనలకు తన వాద్యమును, శరీరమును, ధైర్యమును అర్పించి, 1967లో అర్ధనగ్నముగా వాయించిన నేరమునకు న్యూయార్కు పోలీసులచే నిర్బంధింపబడెను. 1977లో ఆయనను వివాహమాడిన షిగేకో కుబోతా స్వయముగా గొప్ప వీడియోశిల్పి. భర్త కీర్తినీడలో ఆమె కృషికి రావలసిన పేరు చాలకాలము రాలేదనుట నా దృఢాభిప్రాయము. ఇంజనీరు అబేతో కలిసి ఆయన నిర్మించిన వీడియో సింథసైజరు 1970 ఆగస్టు 1వ తేదీ రాత్రి బాస్టను నగరపు ప్రజాటెలివిజను కేంద్రమునుండి నాలుగు గంటలు ఏకధారగా రంగులను కురిపించెను. ఏ దృశ్యమునకును ప్రతిరూపము కాని శుద్ధవర్ణములు గృహస్థుల యిండ్లలోని తెరలపై ఆనాడు పొంగిపొరలినవి.

1974లో న్యూయార్కునందలి బోనీనో చిత్రశాలలో చూపిన బుద్ధుని కృతి వీనియన్నిటికంటె నిరాడంబరమైనది. పదునెనిమిదవ శతాబ్దపు బుద్ధవిగ్రహ మొకటి. దాని యెదుట చిన్న టెలివిజను. టెలివిజను వెనుక కెమెరా. కెమెరా చూచుచున్నది బుద్ధుని, తెరమీద కనిపించునది బుద్ధుడు, ఆ తెరను చూచుచున్నవాడును బుద్ధుడే. గోడయొకటి ఖాళీగా నుండుటచే దానిని నింపుటకై తుదిక్షణమున కూర్చినదే యైనను, ప్రపంచమున నలుగురును ఎరిగిన పైక్ కృతి నేడు ఇదియే. తరువాత ఆమ్‌స్టర్‌డామ్ నగరపు స్టెడలిక్ సంగ్రహాలయము దానిని కొన్నది. ఆత్మదర్శనమని కొందరును, ఆత్మమోహమని కొందరును దీనిని వ్యాఖ్యానింతురు. నాకు ముఖ్యముగా తోచునది వేరు. ఈ కృతిలో టేపు లేదు. కెమెరా చూచినది తెరకు చేరుచున్నదే గాని ఎచ్చటను నిలువచేయబడుటలేదు. ప్రేక్షకుడు విగ్రహము వెనుకకు వచ్చి నిలిచినచో తానును తెరపై కనిపించును. ప్రక్కకు తొలగినంతనే అతని జాడ యుండదు. రెండువందల యేండ్లు రూపము చెడక నిలిచిన విగ్రహమును, క్షణమైనను దేనిని గుర్తుంచుకొనని యంత్రమును ఎదురెదురుగా కూర్చుండబెట్టిన శిల్పి, స్మృతి యెవరి సొత్తు అను ప్రశ్నను ఒక్క మాట వ్రాయకయే మనముందుంచెను.

ఆ యేడే రాక్‌ఫెల్లర్ ఫౌండేషనునకు సమర్పించిన నివేదికలో, దేశములను ఉపగ్రహములతోను తంత్రులతోను కలుపు ఎలక్ట్రానిక్ రాజమార్గమును నిర్మింపవలెనని ఆయన వ్రాసెను. ఈనాటి ఇంటర్నెట్టును దర్శించిన ద్రష్ట యని దీనిని బట్టి ఆయనను కొనియాడుట పరిపాటియైనది. ఆ మరుసటియేడు, 1975 ఆగస్టు మొదలు ఒక సంవత్సరముపాటు, అమెరికా ఉపగ్రహము సాయమున భారతప్రభుత్వము ఆరు రాష్ట్రములలోని సుమారు 2,400 గ్రామములకు విద్యాప్రసారములు పంపినపుడు ఆంధ్రప్రదేశ్ గ్రామములును అందుండెను. మన పల్లెప్రజలు పంచాయతీ అరుగులముందు కూర్చుండి ఆకాశమార్గమున వచ్చిన తెలుగు కార్యక్రమములను చూచిరి. కాబట్టి భవిష్యత్తును ఊహించినవాడు పైక్ ఒక్కడే కాడు. ద్రష్ట యను బిరుదము ఆయనకు తగనిదని కాదు. అది ఆయన చేసిన అసలు పనిని మరుగుపరచునని నా బాధ. ఊహింపగలవారు పలువురుందురు. మూసియున్న పెట్టెను విప్పి, అందు చేయిపెట్టి, ఇతరులను గూడ చేయిపెట్టుమని పిలిచినవాడు ఆయన.

1984 జనవరి 1వ తేదీన న్యూయార్కును పారిస్‌ను ఉపగ్రహముతో కలిపి నడిపిన ప్రత్యక్షప్రసారమున కేజ్, బాయిస్, నర్తకుడు మెర్స్ కనింగ్‌హామ్, కవి ఆలెన్ గిన్స్‌బర్గ్ మొదలగువారు పాల్గొనిరి. ప్రజలను నిఘాతో అణచు టెలివిజనును 1984వ సంవత్సరమునకు ఊహించిన నవలాకారుడు ఆర్వెల్‌కు అది శుభోదయ సందేశము. నడుమ సంబంధము తెగుటయు, దృశ్యములు తడబడుటయు జరిగినను అది కొరియాలోను ప్రసారమై, సియోల్‌వాసులకు తమ బిడ్డను పరిచయము చేసెను. ఆ యేడే, ముప్పదినాలుగేండ్ల పిదప, పైక్ మాతృభూమిపై కాలుమోపెను. ఆయన అంతకుముందు చేసిన పనులన్నిటియందును గృహవిహీనుని చలాకీతనము కనిపించగా, ఈ రాక తరువాతి పనులలో ఋణము తీర్చుకొనువాని నెమ్మది కనిపించును. బాయిస్ 1986లో మరణింపగా, 1990 జూలై 20న, తన పుట్టినదినముననే, సియోల్ చిత్రశాల యొకదాని పెరటిలో సంప్రదాయవస్త్రములు ధరించి, కొరియా గ్రామపూజారులు మృతులకు చేయు కుత్ అను క్రతువును గతించిన మిత్రునకై చేసెను. అమెరికా పటమును నియాన్ దీపములతో గీచి, 336 టెలివిజనులతో నింపి, ఒక్కొక్క రాష్ట్రమును తానెరిగిన చలనచిత్రములద్వారాను మిత్రులద్వారాను స్మరించుకొన్న 1995నాటి కృతియు ఇట్టిదే. వలసవచ్చినవాడు క్రొత్తదేశమును గుర్తుపెట్టుకొనిన తీరు అందు కలదు. అది నేడు వాషింగ్టనునందలి స్మిత్‌సోనియన్ అమెరికను కళాసంగ్రహాలయమున నున్నది.

కొరియాకు ఆయన అర్పించిన పెద్దకానుక సియోల్ సమీపమున గ్వాచన్ జాతీయ సంగ్రహాలయమునందలి గోపురము. 1988 ఒలింపిక్కు క్రీడల యేట నిర్మింపబడిన దాని యెత్తు 18.5 మీటర్లు, అందలి టెలివిజనులు 1,003. అక్టోబరు 3వ తేదీ కొరియా జాతి ఆవిర్భావదినోత్సవ మగుటచే ఆ సంఖ్య. ఆరంగుళముల బుల్లిపెట్టెలు మొదలు ఇరువదియైదంగుళముల పెట్టెలవరకు అంతస్తులుగా పేర్చిన ఆ నిర్మాణమును వెలిగించు భారము లీ జంగ్‌సంగ్ అను ఎలక్ట్రానిక్ నిపుణునిపై పడెను. టెలివిజను మరమ్మతు వృత్తినుండి వచ్చిన ఆయన నాటినుండి పైక్‌కు కుడిభుజమై నిలిచెను.

1996లో పైక్‌కు పక్షవాతము సోకి ఎడమప్రక్క చచ్చుబడెను. చక్రములకుర్చీలో కూర్చుండియు ఆయన పని మానలేదు. 2006 జనవరి 29న మయామీలో మరణింపగా, న్యూయార్కులో అంత్యక్రియలకు వచ్చినవారు కత్తెరలు పుచ్చుకొని ఒకరి టైలనొకరు కత్తిరించి, ఆ ముక్కలను ఆయన దేహముపై నుంచిరి.

మరణించినవాడు శిల్పి మాత్రమే కాదు. ఆయన వాడిన వస్తువును మరణమున కభిముఖమయ్యెను. పలుచనితెరలు రాగా పిక్చరు ట్యూబులు తయారుచేయు కర్మాగారములు ప్రపంచమంతట మూతబడినవి. ట్యూబు మెడలోని లోహము కాలక్రమమున ఎలక్ట్రానులను వెలువరించు శక్తిని కోల్పోవును, ఫాస్ఫరు మాడును, చిత్రము మసకవారును. రంగు పోయిన చిత్రపటమును నిపుణుడు దిద్దగలడు, విరిగిన విగ్రహమును అతుకగలడు. ఆరిన ట్యూబునకు బదులు మరొక ట్యూబు కావలెను, అది దొరకుటలేదు. పాత హోటళ్లలోను గోదాములలోను మిగిలిన టెలివిజనులను వెదకి కొని దాచుట సంగ్రహాలయముల నిత్యకృత్యమైనది. మరమ్మతు చేయగల పాతతరము పనివాండ్రు ఒక్కొక్కరే తగ్గిపోవుచుండగా, కళాచరిత్ర చదివిన సంరక్షకులు సోల్డరింగు కడ్డీ పట్టుకొని వారివద్ద కూర్చుండవలసివచ్చినది. ట్యూబులోపలి పని విద్వాంసుల చేతికి వచ్చుటలో నాకు న్యాయమే కనిపించుచున్నది.

గ్వాచన్ గోపురమునకు పైక్ జీవించియుండగనే, 2003లో, ట్యూబులన్నియు ఒకమారు మార్చబడినవి. 2018 ఫిబ్రవరిలో, భద్రతాపరీక్షలలో ప్రమాదము తోచుటచేత దానిని ఆర్పివేసిరి. తరువాత ఏమి చేయవలెనన్న ప్రశ్నపై కొరియాలో తీవ్రమైన చర్చ జరిగినది. అన్నింటిని పలుచనితెరలుగా మార్చవలెనని కొందరు, గాజుట్యూబు గుబ్బదనమును దాని వెలుగును లేనిచో అది పైక్ కృతి కాజాలదని కొందరు, ఆరిపోయిన దానిని అట్లే శిథిలముగా నిలుపవలెనని మరికొందరు వాదించిరి. మూడేండ్ల పనితరువాత 2022 సెప్టెంబరులో తిరిగి వెలిగింపబడినపుడు, 737 ట్యూబులు మరమ్మతుచేతనో, వాడిన టెలివిజనులనుండి తెచ్చిన వానిచేతనో నిలుపబడియుండెను. ఆరంగుళములవియు పదంగుళములవియు నగు 266 చిన్నపెట్టెలలో మాత్రము, వెలుపలి రూపమును చెక్కుచెదరనీయక, లోపల ఎల్‌సీడీ తెరలు అమర్పబడెను. మిగిలిన ట్యూబుల ఆయువు పొడిగించుటకై వారమునకు నాలుగు దినములు, దినమునకు రెండు గంటలు మాత్రమే వెలిగించుటకు నిశ్చయించిరి. దగ్గరగా చూచువారికి పాతవెలుగునకును క్రొత్తవెలుగునకును భేదము తెలియకపోదు. ఆ భేదమును తప్పుగా ఎంచువారితో నేను ఏకీభవింపలేను. ట్యూబు దొరకినంతవరకు ట్యూబునే నిలిపి, దొరకనిచోట మాత్రమే మరియొకదానిని అమర్చిన ఆ పనివారు, చెడిన పెట్టెను పారవేయక ప్రక్కకు త్రిప్పి నిలిపినవాని పద్ధతినే పాటించిరి. రాబోవు సంవత్సరములలో ఆ 737 పెట్టెలలో ఒక్కొక్కటియు ఆరినకొలది, ఇదే నిర్ణయమును వారు మరల మరల తీసికొనవలసియున్నది.